భూగర్భ పటాల పక్కన నీటి జన్యుక్రమాలూ ఉండాలి

గౌరవనీయులైన సంపాదకులకు నమస్కారాలు.

భూగర్భ జలాల గురించి పత్రికల్లో వచ్చే వార్తలు చాలావరకు నీటిమట్టం చుట్టూనే తిరుగుతాయి. ఎండాకాలంలో ఎన్ని మీటర్ల లోతుకు పడిపోయింది, వానలకు ఎంత పైకి లేచింది అన్నదే వాటిలో ప్రధాన విషయం. ఆ నీటిలో ఏమి జరుగుతోందన్న సంగతి, ఫ్లోరైడో నైట్రేటో పరిమితి దాటినప్పుడు మాత్రమే, అదీ ఒక అంకెగా, మన ముందుకు వస్తుంది. నేలను తవ్వకుండానే దాని లోపలి నిర్మాణాన్ని పటంగా గీసే భూభౌతిక పద్ధతులను, నీటిలోని సూక్ష్మజీవుల డీఎన్‌ఏను చదివే జీనోమిక్స్‌ను ఒకేచోట వాడితే ఈ రెండు విషయాలనూ కలిపి తెలుసుకోవచ్చునని విదేశాల్లో చేసిన పరిశోధనలు చాలాకాలం కిందటే చూపించాయి. ఈ రెండు విద్యల్లోనూ దేశానికి దారి చూపిన సంస్థలు మన హైదరాబాదులో హబ్సిగూడ నుంచి ఉప్పల్ వెళ్లే రోడ్డు మీద పక్కపక్కనే ఉన్నాయి. 1961లో ఏర్పడిన జాతీయ భూభౌతిక పరిశోధన సంస్థ, అంటే అందరూ పిలిచే ఎన్‌జీఆర్‌ఐ, ఒకటి. 1977లో మొదలైన కణ, అణు జీవశాస్త్ర పరిశోధన కేంద్రం, అంటే సీసీఎంబీ, రెండోది. రెండూ కేంద్ర ప్రభుత్వ శాస్త్ర, పారిశ్రామిక పరిశోధన మండలి (సీఎస్ఐఆర్) కిందివే. అయినా ప్రభుత్వం భూగర్భ జల పటాల కోసం బోరు తవ్వించినప్పుడు ఆ నీటికి మామూలుగా చేయించేది రసాయన పరీక్షలే. అలా తవ్వే ప్రతి పరీక్ష బోరులోనూ డీఎన్‌ఏ నమూనా తీయడాన్ని నిబంధనగా చేర్చాలన్నది ఈ లేఖలో నా విజ్ఞప్తి. అందుకు కారణాలను కొంత వివరంగా రాయడానికి అనుమతించగలరు.

బోరు వేసే ముందు పాయింటు పెట్టడానికి రైతులు పిలిపించే రెసిస్టివిటీ సర్వే నుంచే మొదలుపెడతాను. నాలుగు లోహపు కడ్డీలను ఒకే వరసలో నేలలోకి దిగగొట్టి, బయటి రెండింటి గుండా విద్యుత్తు పంపి, లోపలి రెండింటి మధ్య వోల్టేజీని కొలుస్తారు. కడ్డీల మధ్య దూరం పెంచేకొద్దీ విద్యుత్తు మరింత లోతుగా ప్రవహిస్తుంది కనుక, ఏ లోతులో నేల విద్యుత్తును ఎంత అడ్డుకుంటోందో లెక్క కట్టవచ్చు. ఫ్రాన్సులో కాన్రాడ్ ష్లంబర్జర్ 1912 ప్రాంతంలో మొదలుపెట్టిన ప్రయోగాలు ఈ పద్ధతికి పునాది. పగుళ్లు లేని గ్రానైట్ బండ నిరోధకత వేల ఓమ్-మీటర్లలో ఉంటే, నీటితో నిండిన మొరం పొరలో అది పదుల్లోకి దిగిపోతుంది. చిక్కు ఏమిటంటే బంకమట్టికీ, ఉప్పునీటికీ కూడా నిరోధకత తక్కువే. తడి బంకమట్టిలో నీరు ఉంటుంది గానీ బోరులోకి రాదు. ఉప్పునీరు బోరులోకి వస్తుంది గానీ తాగడానికి పనికిరాదు. మూడు భిన్నమైన స్థితులకు యంత్రం మీద దాదాపు ఒకే అంకె కనిపించే అవకాశం ఉన్నందువల్లనే, అనుభవం ఉన్న సర్వేయరు ఆ ఊరి పాత బోర్ల సంగతి అడగకుండా పాయింటు పెట్టడు.

తెలంగాణ గ్రానైట్ నేలల లోపలి అమరిక గురించి ఈ రోజు మనకు ఇంత స్పష్టంగా తెలియడానికి 1999 నుంచి ఎన్‌జీఆర్‌ఐ, ఫ్రాన్సు ప్రభుత్వ భూగర్భ సర్వే సంస్థ బీఆర్‌జీఎం కలిసి హైదరాబాదులో నడిపిన భారత-ఫ్రెంచ్ భూగర్భ జల పరిశోధన కేంద్రం ముఖ్య కారణం. మహేశ్వరం పరీవాహక ప్రాంతంలో ఆ కేంద్రం చేసిన పని ప్రకారం, పైన పది ఇరవై మీటర్ల మందాన శిథిలమైన మెత్తని పొర ఉంటుంది. దాని కింద పగుళ్లు బారిన రాతి పొర, ఆ కింద నీరు దొరకని గట్టి బండ ఉంటాయి. పగుళ్లు లోతుకు వెళ్లేకొద్దీ పలచబడతాయి. చౌటుప్పల్ దగ్గర ఎన్‌జీఆర్‌ఐ ఏర్పాటు చేసిన ప్రయోగ క్షేత్రంలోని బోర్ల సముదాయం ఇదే సంగతిని ఇంకా దగ్గరగా పరిశీలించడానికి ఉపయోగపడుతోంది. ఇంత స్పష్టమైన చిత్రం చేతిలో ఉండగా, అప్పు చేసి వెయ్యి అడుగుల దాకా బోరు వేయిస్తున్న రైతును ఆపి నాలుగు మాటలు చెప్పే యంత్రాంగం మండల స్థాయిలో లేకపోవడం విచారకరం. అది మరో లేఖకు విషయం.

నేల మీద కడ్డీలు పాతే పనిని ఇప్పుడు ఆకాశం నుంచీ చేస్తున్నారు. హెలికాప్టరు కింద పెద్ద తీగ చట్రాన్ని వేలాడదీసి, అందులో విద్యుత్తును పంపి ఒక్కసారిగా ఆపేస్తారు. ఆగిన క్షణంలో నేలలో సుడి ప్రవాహాలు పుట్టి, క్రమంగా లోతుకు పాకుతూ అణగిపోతాయి. అవి పుట్టించే అయస్కాంత క్షేత్రం ఎంత నెమ్మదిగా క్షీణిస్తే కింది పొర అంత మంచి విద్యుద్వాహకమన్నమాట. డెన్మార్క్‌లోని ఆర్హస్ విశ్వవిద్యాలయం సహకారంతో ఎన్‌జీఆర్‌ఐ, కేంద్ర భూగర్భ జల మండలి కలిసి బిహార్, రాజస్థాన్, మహారాష్ట్ర, కర్ణాటక, తమిళనాడుల్లోని ఆరు ప్రాంతాల్లో ఈ పద్ధతిని పరీక్షించాయి. వాటిలో కర్ణాటకలోని తుమకూరు ప్రాంతపు నేల మన గ్రానైట్ నేలలకు దగ్గరి చుట్టం. ఆ అనుభవంతోనే 2021 అక్టోబరులో జోధ్‌పూర్ నుంచి రాజస్థాన్, గుజరాత్, హరియాణాల ఎండు ప్రాంతాల సర్వే మొదలైంది. గంగా యమునల మధ్య ప్రయాగ్‌రాజ్ దగ్గర భూమిలో పూడిపోయిన పాత నదీ మార్గం బయటపడింది కూడా ఇలాంటి మరో హెలికాప్టరు సర్వేలోనే. ఆ వివరాలు 2021లో శాస్త్ర పత్రికలో ప్రచురితమయ్యాయి. ఈ పని పట్ల నాకు ఎంతో గౌరవం ఉంది. నా ఫిర్యాదు పటం మీద కాదు, పటం గీయగానే పని అయిపోయిందనుకోవడం మీద.

ఎందుకంటే విద్యుత్ కొలతల్లో కనిపించే మార్పులన్నీ రాతివీ, నీటివీ మాత్రమే కావు. కొన్ని సూక్ష్మజీవుల చేతి పని. దీనికి అమెరికాలోని మిన్నెసోటా రాష్ట్రంలో బెమిడ్జి పట్టణ సమీపంలో ఉన్న ఒక స్థలం మంచి ఉదాహరణ. 1979 ఆగస్టులో అక్కడ పైపులైను పగిలి ముడి చమురు నేలలోకి ఇంకింది. చమురు విద్యుత్తును అడ్డుకుంటుంది కాబట్టి చమురు ఇంకిన చోట నిరోధకత పెరగాలి. కానీ ఏళ్లు గడిచిన చమురు కాలుష్య స్థలాల్లో వాహకత పెరగడాన్ని భూభౌతిక శాస్త్రవేత్తలు గమనించారు. బ్యాక్టీరియా చమురును తింటూ ఆమ్లాలను, కార్బన్ డయాక్సైడ్‌ను విడుదల చేస్తుంది. అవి ఖనిజాలను కరిగించి నీటిలోకి లవణాలను చేరుస్తాయి. లవణాలతో నీటి వాహకత పెరుగుతుంది. బెమిడ్జిలోనైతే ఇనుమును శ్వాసకు వాడుకునే బ్యాక్టీరియా వల్ల మాగ్నటైట్ అనే అయస్కాంత ఖనిజం ఏర్పడి, నేల అయస్కాంత గుణం కూడా మారింది. ఎస్టెల్లా అటెక్వానా వంటి పరిశోధకుల కృషితో ఇలాంటి పరిశీలనలన్నీ జీవభూభౌతిక శాస్త్రంగా రూపుకట్టాయి.

ఈ రెండు విద్యలూ పూర్తిగా కలిసిన చోటు కొలరాడో రాష్ట్రంలోని రైఫిల్. కొలరాడో నది ఒడ్డున అక్కడ ఒకప్పుడు యురేనియం, వెనేడియం ఖనిజాలను శుద్ధి చేసే మిల్లు ఉండేది. మిల్లు వ్యర్థాలను తొలగించిన తర్వాత కూడా కింది నీటి పొరలో యురేనియం మిగిలిపోయింది. యురేనియానికి నీటిలో కరిగే రూపమూ ఉంది, కరగని రూపమూ ఉంది. జియోబ్యాక్టర్ అనే బ్యాక్టీరియా తన శ్వాసక్రియలో భాగంగా ఎలక్ట్రాన్లను యురేనియానికి అందించి, కరిగే రూపాన్ని కరగని రూపంగా మార్చగలదు. దానికి ఆహారంగా ఎసిటేట్‌ను, అంటే వెనిగర్‌లో ఉండే ఆమ్లపు లవణాన్ని, బోర్ల ద్వారా నేలలోకి పంపారు. కొన్ని వారాల్లోనే నీటిలో యురేనియం బాగా తగ్గింది. 2003లో ప్రచురితమైన ఆ ఫలితం ఎంత ఆశ కలిగించిందో, దానితోపాటే రాసిన మరో సంగతి అంత ముఖ్యమైనది. కొంతకాలానికి జియోబ్యాక్టర్ వెనకబడి, సల్ఫేట్‌ను శ్వాసించే బ్యాక్టీరియా పైచేయి సాధించింది. ఎసిటేట్ ఇంకా అందుతూనే ఉన్నా యురేనియం తొలగింపు మందగించింది. ఈ మలుపు ఎప్పుడు, ఎక్కడ వస్తోందో తెలియకపోతే శుద్ధి అంతా గుడ్డి పని అవుతుంది. ప్రతి మీటరుకూ బోరు వేసి చూడలేము కదా.

ఇక్కడే భూభౌతిక కొలత అక్కరకు వచ్చింది. నేలలోకి విద్యుత్తును పంపి ఆపినప్పుడు కొన్ని పదార్థాల్లో వోల్టేజీ వెంటనే సున్నా కాకుండా కాసేపు నిలిచి తగ్గుతుంది. దీన్ని ప్రేరిత ధ్రువణం అంటారు. లోహ సల్ఫైడ్ కణాలున్న చోట ఇది బలంగా ఉంటుంది. అందుకే ఖనిజాన్వేషణలో ఈ పద్ధతి ఎప్పటినుంచో వాడుకలో ఉంది. సల్ఫేట్‌ను శ్వాసించే బ్యాక్టీరియా వదిలే సల్ఫైడ్, నీటిలోని ఇనుముతో కలిసి సన్నని ఐరన్ సల్ఫైడ్ రేణువులుగా పేరుకుంటుంది. అమెరికా పరిశోధకులు కెన్నెత్ విలియమ్స్, సూసన్ హబ్బర్డ్, జిల్ బాన్‌ఫీల్డ్, వారి సహచరులు ఇసుక నింపిన గొట్టాల్లో ఈ ప్రక్రియను జరిపించి, ఆ రేణువులు ఏర్పడే కొద్దీ ధ్రువణ సంకేతం మారడాన్ని 2005లో చూపించారు. 2009 నాటికి అదే పద్ధతిని రైఫిల్ క్షేత్రంలోనే వాడి, నేల మీద పాతిన ఎలక్ట్రోడులతో కింద జరుగుతున్న సూక్ష్మజీవుల మార్పిడిని గమనించగలిగారు. అలా బ్యాక్టీరియా శ్వాస మారిన సంగతిని ఒక విద్యుత్ కొలత నేల పైనుంచే పట్టింది. ఏ బ్యాక్టీరియా, ఏ జన్యువులతో ఆ పని చేస్తోందన్నది మాత్రం ఏ ఎలక్ట్రోడూ చెప్పలేదు. అది నీటిలోని డీఎన్‌ఏ చెప్పింది.

డీఎన్‌ఏ చెప్పిన సంగతులు యురేనియం శుద్ధిని దాటి చాలా దూరం పోయాయి. బాన్‌ఫీల్డ్ బృందం రైఫిల్ నీటిని వడపోసి, అందులోని డీఎన్‌ఏ మొత్తాన్నీ తునకలుగా చదివి, కంప్యూటర్ల సాయంతో ఆ తునకలను విడివిడి జన్యుక్రమాలుగా కూర్చింది. ప్రయోగశాలలో పెంచి చూసిన బ్యాక్టీరియాతో పోలిక లేని సమూహాలు అందులో కుప్పలు తెప్పలుగా బయటపడ్డాయి. 2015లో ఆ బృందం వర్ణించిన ఒక మహాసమూహంలో 35కు మించి ప్రధాన విభాగాలు (ఫైలమ్‌లు) ఉన్నాయి. బ్యాక్టీరియా వైవిధ్యం మొత్తంలో ఆ ఒక్క సమూహమే 15 శాతానికి పైగా ఉంటుందని అంచనా వేశారు. 2016లో అదే స్థలం నుంచి 2,540 జన్యుక్రమాలను, 47 కొత్త విభాగాలను ప్రకటించారు. సాధారణంగా నీటిని క్రిమిరహితం చేసేందుకు వాడే 0.2 మైక్రాన్ల వడపోతలోంచి కూడా దూరిపోయేంత చిన్నవి వీటిలో ఉన్నాయి. అనేకం తమకు కావలసిన అమైనో ఆమ్లాలను కూడా తామే తయారుచేసుకోలేవు, కాబట్టి పక్క బ్యాక్టీరియా మీద ఆధారపడి బతుకుతుండాలి. నదీ తీరంలోని చిన్న నీటి పొర ఒకటి, జీవుల బంధుత్వాలను చూపే జీవ వృక్షం ఆకారాన్నే తిరగరాయించింది. మన బోర్లలో ఏముందో చూడకుండానే, చూడవలసిందేమీ లేదని అనుకోవడానికి ఈ అనుభవం తర్వాత ఏ ఆధారమూ మిగలదు.

మన దేశంలో ఇలాంటి పని అసలు జరగలేదని కాదు. 1967 డిసెంబరు 11 తెల్లవారుజామున మహారాష్ట్రలోని కొయనాలో 6.3 తీవ్రతతో భూకంపం వచ్చింది. అక్కడి ఆనకట్ట వెనుక జలాశయం నింపడానికీ, ఆ ప్రాంతపు భూకంపాలకూ ఉన్న సంబంధాన్ని అధ్యయనం చేయడంలో ఎన్‌జీఆర్‌ఐ శాస్త్రవేత్తలది పెద్ద పాత్ర. భూకంపాలు పుట్టే లోతుల్లోకి దిగి కొలవాలన్న ఉద్దేశంతో ఆ ప్రాంతాన్ని ముందుగా భూభౌతిక పద్ధతులతో పరిశీలించి, సుమారు 1,500 మీటర్ల దాకా అన్వేషణ బోర్లు తవ్వారు. 2017లో మూడు కిలోమీటర్ల లోతున్న పైలట్ బోరు కూడా పూర్తయింది. ఆ అన్వేషణ బోర్లలోంచి తీసిన రాతి కడ్డీలను ఐఐటీ ఖరగ్‌పూర్‌లో పినాకి సర్ బృందం తీసుకుని, దక్కన్ బసాల్ట్ పొరల్లోనూ, వాటి కింద రెండున్నర వందల కోట్ల ఏళ్లకు పైబడిన గ్రానైట్ పునాదిలోనూ బ్యాక్టీరియా, వాటిలాగే ఏకకణ జీవులైన ఆర్కియాల డీఎన్‌ఏ ఉందని 2018లో ప్రకటించింది. భూకంపాల కోసం తవ్విన బోరు జీవశాస్త్రానికి ఆ విధంగా పనికి వచ్చింది. బోరు తవ్వే ఖర్చుతో పోలిస్తే నమూనా తీసే ఖర్చు చాలా తక్కువ. కాకపోతే తవ్వేటప్పుడే తీయాలి. తర్వాత ఎంత డబ్బు పోసినా ఆ తొలి నమూనా మళ్లీ దొరకదు.

ఇక మన అవసరాల సంగతికి వస్తాను. నా ఉద్దేశంలో ఈ జంట పద్ధతి అన్నిటికన్నా ముందు పనికివచ్చేది నైట్రేట్ విషయంలో. తాగునీటిలో నైట్రేట్ లీటరుకు 45 మిల్లీగ్రాములు మించకూడదని మన ప్రమాణం. ఎరువులు, మురుగు, పశువుల వ్యర్థాల నుంచి అది పొరల్లోకి దిగుతుంది. నైట్రేట్‌ను నైట్రోజన్ వాయువుగా మార్చి గాలిలోకి పంపే బ్యాక్టీరియా ప్రకృతిలో సర్వసాధారణం. ఆ మార్పులోని ఒక్కో మెట్టుకూ ఒక్కో జన్యువు ఉంటుంది. చివరి మెట్టుకు కావలసిన జన్యువు లేని చోట నైట్రేట్ సగం దారిలో ఆగి, భూతాపాన్ని పెంచే నైట్రస్ ఆక్సైడ్‌గా బయటికి పోవచ్చు. ఈ ప్రక్రియ ఆక్సిజన్ తక్కువగా ఉన్న చోట, తినడానికి కర్బన పదార్థమో, ఎలక్ట్రాన్లివ్వగల పైరైట్ వంటి ఖనిజమో ఉన్న చోట సాగుతుంది. అలాంటి చోట్లు ఏ పొరలో, ఎంత విస్తీర్ణంలో ఉండే వీలుందో భూభౌతిక పటం సూచించగలదు. అక్కడి నీటిలో ఆ పని చేయగల జన్యువులు ఉన్నాయో లేవో డీఎన్‌ఏ చెప్పగలదు. ఈ రెండూ కలిస్తే, ఏ గ్రామపు పొర తనంతట తాను కొంత కోలుకోగలదో, ఏ గ్రామంలో ఎరువుల వాడకం తగ్గించడం తప్ప మరో దారి లేదో వేరుచేసి చెప్పవచ్చు. ఈ రోజు రెండు గ్రామాల రికార్డులోనూ ఉండేది ఒకే అంకె.

రెండోది యురేనియం. గ్రానైట్ రాళ్లలో యురేనియం కొద్ది మోతాదులో సహజంగానే ఉంటుంది. తాగునీటిలో లీటరుకు 30 మైక్రోగ్రాములు మించకూడదని ప్రపంచ ఆరోగ్య సంస్థ సూచన. ఆక్సిజన్ లేని నీటిలో యురేనియం కరగని రూపంలో రాతికి అతుక్కుని ఉంటుంది. నీటిమట్టం పడిపోయి గాలి లోపలికి చేరినా, నైట్రేట్ దిగినా, బైకార్బనేట్ పెరిగినా అది కరిగి నీటిలోకి వస్తుంది. అంటే అతిగా తోడటం, అతిగా ఎరువులు వేయడం అనే రెండు అలవాట్లూ ఇక్కడ ఒకదానికొకటి తోడవుతాయి. రైఫిల్‌లో దశాబ్దాల పాటు అధ్యయనం చేసింది ఈ రసాయన చర్యలనే. కడప జిల్లా తుమ్మలపల్లెలో యురేనియం గని నడుస్తున్న రాష్ట్రంలో, చుట్టుపక్కల బోర్ల నీటికి రసాయన పరీక్షతో పాటు సూక్ష్మజీవుల జన్యు నమోదు కూడా ఉండి, అది బహిరంగంగా అందుబాటులో ఉంటే, ప్రజల అనుమానాలకూ అధికారుల భరోసాలకూ మధ్య జరిగే వాదన కాస్త ఆధారంతో జరుగుతుంది. అక్కడి నీటి గురించి నేను ఏ పక్షానా తీర్పు చెప్పడం లేదు. తీర్పు చెప్పేందుకు కావలసిన కొలతలు ఏవన్నదే నా మాట.

ఫ్లోరైడ్ విషయంలో మాత్రం అతిగా ఆశ పెట్టుకోకూడదని ముందే చెప్పడం న్యాయం. దేశంలో ఫ్లోరోసిస్‌ను మొదటిసారి వైద్యులు నమోదు చేసింది 1937లో, అప్పటి నెల్లూరు జిల్లాలో. నల్లగొండ పేరు ఆ వ్యాధితోనే కాక, పటిక, సున్నం కలిపి ఫ్లోరైడ్‌ను తొలగించే పద్ధతితో కూడా ముడిపడింది. బయోటైట్, అపటైట్, ఫ్లోరైట్ వంటి ఖనిజాల నుంచి ఫ్లోరైడ్ నీటిలోకి చేరుతుంది. కాల్షియం తక్కువై, బైకార్బనేట్ ఎక్కువైన నీటిలో అది నిలిచి ఉంటుంది. వరి పొలాలకు తోడిన నీరు ఆవిరై, చిక్కబడి, మళ్లీ పొరలోకి దిగడం వల్ల ఫ్లోరైడ్ పెరుగుతుందని మహేశ్వరం అధ్యయనాలు చూపాయి. నేలలోని సూక్ష్మజీవుల శ్వాసతో వచ్చే కార్బన్ డయాక్సైడ్ బైకార్బనేట్‌గా మారుతుంది కాబట్టి వాటికి ఇందులో పరోక్ష పాత్ర ఉంది. కానీ ప్రధాన పాత్ర రాతిదీ, సాగు పద్ధతిదీ. జన్యు పరీక్ష చేస్తే నల్లగొండ ఫ్లోరైడ్ సమస్య తీరిపోతుందని ఎవరైనా అంటే నమ్మవద్దని పాఠకులకు మనవి.

ఈ పద్ధతికి ఉన్న ఇబ్బందులనూ దాచకూడదు. మన బోరు బండ్లు కంప్రెసర్ గాలితో సుత్తిని కొడుతూ, ఒక్కోసారి నురుగు కలిపిన నీటిని పంపుతూ తవ్వుతాయి. ఆ గాలి, ఆ నీరు, వెనకటి ఊరిలో రాడ్లకు అంటిన మట్టి కలిసి కొత్త బోరులోకి బయటి సూక్ష్మజీవులను చేరుస్తాయి. తవ్విన రోజే బకెట్టులో నీరు పట్టి పంపితే, అందులో కనిపించేది నేల లోపలి జీవం కాకుండా బండి మీది జీవం కావచ్చు. తగినంత నీరు తోడి పారబోసి, నీటి వాహకత, ఉష్ణోగ్రత, ఆక్సిజన్ కొలతలు స్థిరపడ్డాక తీయాలి. తవ్వడానికి వాడిన నీటి నమూనాను కూడా వేరుగా పంపాలి. జీవం చాలా పలచగా ఉన్న లోతు నమూనాల్లో, ప్రయోగశాల రసాయనాల్లో ఉండే కొద్దిపాటి డీఎన్‌ఏ కూడా ఫలితాన్ని చెడగొట్టగలదు. కాబట్టి బోరు నీరు కలపని ఖాళీ నమూనాలను పక్కనే పరీక్షించాలి. డీఎన్‌ఏ ఉన్నంత మాత్రాన ఆ జీవి బతికి ఉందనీ, ఆ జన్యువు పనిచేస్తోందనీ అర్థం కాదు. పని జరుగుతున్న సంగతి తెలియాలంటే, జన్యువు పనిచేసేటప్పుడు తయారయ్యే ఆర్‌ఎన్‌ఏనో, రసాయన మార్పునో కొలవాలి. అన్నిటికీ మించి, ఒక బోరులోని కొన్ని లీటర్ల నీరు చుట్టూ ఉన్న చదరపు కిలోమీటరుకు ప్రతినిధి అవునో కాదో జీనోమిక్స్ తనకు తానుగా చెప్పలేదు. భూభౌతిక పటం విస్తీర్ణాన్ని చూపుతుంది గానీ కర్తను చూపదు. జన్యుక్రమం కర్తను చూపుతుంది గానీ విస్తీర్ణాన్ని చూపదు. ఈ రెండు లోపాలూ ఒకదాన్నొకటి పూడ్చుకునే రకానివి కావడం వల్లనే రెండింటినీ ఒకే బోరు దగ్గరికి తీసుకురావాలని అడుగుతున్నాను.

నీటిలోని జన్యు సమాచారంతో ప్రజావసర నిర్ణయాలకు సాయపడటం హైదరాబాదుకు కొత్త కాదు. 2020లో కరోనా ఉధృతంగా ఉన్నప్పుడు సీసీఎంబీ, తార్నాకలోని రసాయన సాంకేతిక సంస్థ ఐఐసీటీ కలిసి నగరపు మురుగునీటి శుద్ధి కేంద్రాల నమూనాల్లో వైరస్ ఆర్‌ఎన్‌ఏను కొలిచి, నగరంలో ఆరు లక్షలకు పైగా మందికి ఇన్ఫెక్షన్ సోకి ఉండవచ్చని అంచనా ఇచ్చాయి. పరీక్షల్లో బయటపడిన కేసుల సంఖ్య అప్పటికి అందులో చిన్న భాగం మాత్రమే. మురుగునీటిని అంత నైపుణ్యంతో చదవగలిగిన నగరానికి బోరు నీటిని చదవడం చేతకాదని నేననుకోను. చేయమని అడిగే వ్యవస్థ ఏర్పడాలి.

ఆ వ్యవస్థ కోసం కొత్త సంస్థలు, కొత్త భవనాలు అక్కరలేదు. జాతీయ నీటి పొరల పటాల కార్యక్రమం 2012లో మొదలై దేశంలో సుమారు 25 లక్షల చదరపు కిలోమీటర్లను 2023 నాటికి పూర్తిచేసింది. ఇప్పుడు గ్రామ స్థాయి దాకా మరింత వివరమైన పటాల పని నడుస్తోంది. కేంద్ర భూగర్భ జల మండలి, రెండు రాష్ట్రాల భూగర్భ జల శాఖలు పరీక్ష బోర్ల తవ్వకానికి పిలిచే టెండరు పత్రంలోనే నమూనా సేకరణ పద్ధతిని ఒక పేజీలో చేర్చవచ్చు. ఎన్ని గంటలు తోడిన తర్వాత తీయాలి, ఎన్ని లీటర్లు వడపోయాలి, 0.2 మైక్రాన్ల వడపోతతో ఆగకుండా అంతకన్నా సన్నని వడపోతనూ వాడాలా, ఎంత చల్లదనంలో ఎంతసేపట్లో ప్రయోగశాలకు చేర్చాలి అన్న వివరాలను భూభౌతిక, జీవశాస్త్ర సంస్థల వారు కలిసి రాయాలి. అన్ని నమూనాలనూ వెంటనే చదివించే స్తోమత లేకపోతే, వడపోత కాగితాలను మైనస్ 80 డిగ్రీల దగ్గర దాచి ఉంచినా చాలు. చదివే ఖర్చు ఏటేటా తగ్గుతూనే వస్తోంది. ఫలితాలను నిరోధకత కొలతలతో, రసాయన పరీక్షలతో కలిపి ఒకే బోరు సంఖ్య కింద అందరికీ కనిపించేలా పెట్టడం మరో షరతు కావాలి. సర్వే వివరాలు ఒక శాఖ కంప్యూటరులో, నీటి పరీక్షలు ఇంకో శాఖ ఫైలులో ఉన్నంతకాలం వాటి మధ్య సంబంధాన్ని పరిశోధక విద్యార్థి కూడా పట్టుకోలేడు.

మొదటి అడుగుగా చౌటుప్పల్ ప్రయోగ క్షేత్రాన్నే తీసుకోవాలని నా సూచన. అక్కడ బోర్లు సిద్ధంగా ఉన్నాయి, పగుళ్లు ఏ లోతుల్లో ఉన్నాయో తెలుసు, ప్రభుత్వ బావుల నీటిమట్టాలను కొలిచే మే, నవంబరు నెలల్లోనే అక్కడ నమూనాలూ తీయవచ్చు. వానలకు నీరు దిగినప్పుడు పైపొరలోని జీవులు కింది పగుళ్లలోకి చేరుతున్నాయో లేదో, అదే సమయంలో నిరోధకత, ధ్రువణం ఎలా మారుతున్నాయో రెండు మూడేళ్లు వరసగా గమనించిన తర్వాత, రాష్ట్రమంతటికీ ఏ కొలతలు అవసరమో, ఏవి వృథానో తేల్చవచ్చు. ఈ విషయంపై రెండు సంస్థల శాస్త్రవేత్తలు, భూగర్భ జల శాఖల అధికారులు మీ పత్రిక ద్వారా తమ అభిప్రాయం తెలియజేస్తే సంతోషిస్తాను. సాంకేతికంగా నేను చెప్పినదానిలో సవరించవలసినది ఉంటే అదీ తెలియజేయగలరు.

భవదీయుడు,
విశ్రాంత భూగర్భశాస్త్ర అధ్యాపకుడు,
నల్లగొండ